తక్కెడలో స్పురియాన్

సర్వీసంతా కలిపితే నాకు తెలియని మాటలు చాలానే తగిలాయి. వాటిలో నా మీద పగబట్టి కూర్చున్నది ఒక్కటే. స్పురియాన్. ఫిజిక్స్ చదివినవాళ్ళు కూడా దీన్ని విని ఉండకపోవచ్చు, సిగ్గుపడకండి. బళ్ళారిలో ఒక డిగ్రీ కాలేజీకి ఫిజిక్స్ హెడ్డుగా ఉంటూ, రిటైర్మెంటు ఇంకో మూడేళ్ళు ఉందనగా, నేనూ విని ఉండలేదు. నేను మాత్రం సిగ్గుపడ్డాను. ఆ సిగ్గు ముదిరి కుళ్ళు కావడానికి వారం రోజులు కూడా పట్టలేదు.

కొత్తగా ఉద్యోగాల్లో చేరుతున్న మీకు రిటైరైన పెద్దలు తమ ఘనకార్యాలు చెప్తుంటారు. నేను ఒక చెడ్డపని చేశాను. అది చెప్తాను. మీకు ఎక్కువ పనికొస్తుంది.

ఆ మాటను మా ఊరికి మోసుకొచ్చింది ఒకమ్మాయి. బళ్ళారి పక్కనున్న రూపనగుడి పిల్ల. వాళ్ళ నాన్న ట్రాక్టర్లు బాగుచేస్తాడు. మాదీ వాళ్ళదీ పాత మిషన్ సంఘమే, ఆదివారం ఒకే చర్చికి పోతాం. ఎక్కడో పెద్ద సంస్థలో కణ భౌతికశాస్త్రంలో, అందులోనూ ప్రయోగాలు లేని వట్టి సిద్ధాంతంలో పీహెచ్‌డీ చేసి, మా కాలేజీకి గెస్ట్ లెక్చరర్‌గా వచ్చింది. కాలేజీలో నన్ను సార్ అనేది, చర్చిలో అంకుల్ అనేది. రెండు చోట్లా మర్యాదగానే ఉండేది. నా బాధ అదే, తిట్టుకోవడానికి ఒక్క సాకు ఇచ్చేది కాదు.

ఆమెకు పీహెచ్‌డీ పట్టా చేతికొచ్చిన తర్వాతి ఆదివారం పాస్టరుగారు ఆరాధన చివర ఆమెను నిలబెట్టి శాలువా కప్పారు. స్త్రీల సమాజం వాళ్ళు చప్పట్లు కొట్టారు. అక్కడితో ఆపితే బాగుండేది. ఆయన థీసిస్ పేరు కాగితం చూసి చదవబోయి, స్పురియాన్ దగ్గర తడబడి, మూడో బెంచీలో ఉన్న నావైపు తిరిగారు.

"మన సంఘంలోనే ఫిజిక్స్ పెద్ద ఉండారు గదా. సార్, ఈ మాటకు అర్థమేందో రెండు ముక్కల్లో చెప్పండి, అందరూ వింటారు."

నేను లేచాను. గొంతు సవరించుకున్నాను. "అది చాలా లోతైన విషయం అయ్యగారూ. ఆరాధన టైము సరిపోదు" అని కూర్చున్నాను. జనం నవ్వారు. జోకని నవ్వారో, సంగతి తెలిసి నవ్వారో ఇప్పటికీ తెలీదు. ఆ అమ్మాయి తల వంచుకుంది. నన్ను కాపాడాలని వంచుకుందని ఇప్పుడు అనుకుంటున్నాను. ఆ రోజు మాత్రం నవ్వు దాచుకోవడానికే అనుకున్నాను.

ఇంటికి వచ్చే దారిలో మా ఆవిడ అంది. "తెల్దు అంటే సరిపోతాండె గదా. ఏం మునిగిపోతాదని?"

ఆమెకేం తెలుసు, ఏం మునుగుతుందో. నాకు కూడా ఒకప్పుడు అలాంటి సిద్ధాంతం వైపే పరిశోధనకు సీటు వచ్చింది. అదే వారంలో కాలేజీ ఉద్యోగం ఆర్డరు వచ్చింది. పర్మినెంటు, ఊళ్ళోనే. ఎవరూ బలవంతం చేయలేదు. మా నాన్నయితే నీ ఇష్టం అన్నాడు. నా ఇష్టప్రకారమే ఉద్యోగంలో చేరి, ఏటా అవే పాఠాలు, అవే ప్రాక్టికల్ రికార్డులు, అవే వైవాలతో గడిపేశాను. తప్పు తోసేయడానికి మనిషి దొరక్కపోతే మనసుకు చాలా కష్టం. ఆ అమ్మాయి వచ్చాక దొరికింది.

కాలేజీ లైబ్రరీలో పుస్తకాలన్నీ వెతికాను. లేదు. చివరికి ఫోన్లో దొరికింది. చెడిపోయిన సౌష్ఠవాన్ని లెక్కలోకి తేవడానికి పెట్టుకునే ఒక ఊహాక్షేత్రం అని రాసి ఉంది. సౌష్ఠవం తెలుసు. అటూ ఇటూ మార్చినా ఏదీ తేడా పడకపోవడం. క్షేత్రం తెలుసు. ఊహ కూడా తెలుసు. మూడూ కలిపి చదివితే ఏమీ తెలియలేదు. లేనిదాన్ని తెచ్చి లెక్కలో కూర్చోబెట్టడమేమిటి? ఆమె స్టాఫ్ రూంలో నాకు నాలుగు కుర్చీల అవతలే కూర్చునేది. "ఏమ్మా, ఇదేమిటి?" అంటే ఐదు నిమిషాల్లో చెప్పేది. మూడు నెలలు అడగలేదు.

ఆ మూడు నెలలూ నేను పడిన అసూయను చెప్తే మీరు నవ్వుతారు. ఆమె క్లాసులోంచి నవ్వులు వినిపిస్తే నాకు తలనొప్పి వచ్చేది. నా క్లాసులో వెనక బెంచీలో నిద్రపోయేవాళ్ళు ఆమె క్లాసులో ముందు బెంచీ కోసం తోసుకునేవాళ్ళు. మా ల్యాబు అటెండరు ఉండేవాడు, భాయ్ అని పిలిచేవాళ్ళం, వాళ్ళ నాన్న మిర్చి మండీలో తూకాలు వేసినాయన. అంతకాలంగా నా టీ గ్లాసు ముందు నింపేవాడు, ఆమె వచ్చాక ఒకరోజు ఆమె గ్లాసు ముందు నింపాడు. ఒక్కసారే. నాకది సంవత్సరమంతా గుర్తుంది.

"మేడమ్ క్లాసు బయట నిలబడి నేనూ వింటాండా సార్" అన్నాడు ఒకనాడు. "నాకేం తెల్దు, అయినా వింటే ఖుషీగా ఉంటాది."

"పని చూసుకో భాయ్" అన్నాను.

విద్యా సంవత్సరం చివర గెస్ట్ లెక్చరర్లను మళ్ళీ తీసుకోవాలా వద్దా అని తేల్చడానికి కమిటీ కూర్చుంటుంది. ప్రిన్సిపాలు, డిపార్టుమెంటు హెడ్డు, బయటి విశ్వవిద్యాలయం నుంచి ఒక ప్రొఫెసరు. ఒక డెమో క్లాసు విని నిర్ణయిస్తారు. ఆ అమ్మాయికి అది మామూలు విషయం కాదు. మా మేనేజ్‌మెంటు నియమం ప్రకారం ఇంకొక్క ఏడాది పనిచేస్తే పర్మినెంటు పోస్టుకు అర్హత వస్తుంది. మధ్యలో ఆగితే మళ్ళీ మొదటికే. చర్చి బయట మా ఆవిడతో ఆమే చెప్పింది. "ఈ సారి దాటితే చాలు ఆంటీ, ఇక ఈడనే ఉండిపోతా."

డెమో క్లాసుకు విషయం ఎంచేది హెడ్డు, అంటే నేను. సాధారణంగా సిలబస్‌లో ఏదో ఒక సులువైన పాఠం ఇస్తాం. నేను ప్రిన్సిపాలు దగ్గరికి పోయి, "ఆమె పరిశోధన గురించే బీఎస్సీ రెండో ఏడు పిల్లలకు చెప్పమందాం. స్పురియాన్ అంటే ఏమిటి, దాన్ని ఎలా వాడతారు. ఇరవై నిమిషాలు" అన్నాను.

ప్రిన్సిపాలు నన్ను ఎగాదిగా చూశారు. "పిల్లలకు అర్థమవుతాదా అప్పా?"

"అర్థమయ్యేటట్టు చెప్పడమే గదా సార్ పరీక్ష" అన్నాను. ఆ మాట ఎంత న్యాయంగా వినబడిందో! ఆమె మునిగిపోవాలని నేనే చోటు ఎంచి గుంత తవ్వాను.

ఆ రోజు వచ్చింది. బయటి ప్రొఫెసరు మైసూరు వైపు పెద్దమనిషి. కన్నడం వచ్చుగానీ తెలుగు బొత్తిగా రాదు, రెండూ కలగలిపిన మా వాడుక ఆయనకు అందదు. నా పక్కన కూర్చున్నారు. ఆయన సబ్జెక్టు కూడా వేరే, ఏదో పదార్థాల మీద పని.

ఆమె ఇంగ్లీషులో మొదలుపెట్టింది. బోర్డు మీద రెండు సమీకరణాలు రాసింది. పిల్లల ముఖాలు గోడల్లా ఉన్నాయి. నాకు లోపల ఎంత హాయిగా ఉందో చెప్పలేను. ఐదు నిమిషాలు అలాగే సాగింది. అప్పుడామె సుద్దముక్క బల్ల మీద పెట్టి, తలుపు దగ్గర నిలబడిన భాయ్‌ను పిలిచి, ల్యాబు బీరువా మీద పడి ఉన్న పాత చేతి తక్కెడను తెమ్మంది. తెచ్చాడు. పైకెత్తి పట్టుకుంది. రెండు పళ్ళేలూ ఖాళీ. అయినా ఒకటి కిందికి వంగింది.

"చూడండప్పా" అంది, నేరుగా మన తెలుగులోకి దిగి. "ఏం పెట్టలేదు. అయినా ఒకపక్క వంగుతాండాది. మీ ఇండ్లల్లో అంగడి ఎవరికుండాది?"

హచ్చొళ్ళి నుంచి వచ్చే అమ్మాయి ఒకతె చెయ్యెత్తింది. బియ్యం అంగడి వాళ్ళది.

"మీ తక్కెడ ఇట్ల వంగితే ఏం చేస్తారు?"

"పైకి లేచినపక్క రాయి కడ్తారు మేడమ్."

"పాసంగ్ మేడమ్!" భాయ్ తలుపు దగ్గరనుంచి అరిచాడు. "దాన్ని పాసంగ్ అంటారు. మా అబ్బా దినామూ మండీలో పొద్దున్నే చూసుకుంటాండె."

క్లాసంతా నవ్వింది. ఆమె కూడా నవ్వి, "హౌదు భాయ్, పాసంగ్" అని మళ్ళీ పిల్లలవైపు తిరిగింది. "తక్కెడకు ఒక న్యాయం ఉండాది. ఎడమా కుడీ ఒకటే. సరుకును ఈపక్కనుంచి ఆపక్కకు మార్చినా తూకం మారగూడదు. ఈ తక్కెడ వంకరది గాబట్టి న్యాయం చెడింది. చెడిందని తక్కెడను పారేస్తామా?"

"లేదు మేడమ్."

"ఇట్ల అనుకుందాం. తక్కెడ సరిగానే ఉండాది, వంగినపక్క కంటికి కనపడని రాయొకటి కూచోనుండాది. సరుకును పక్క మార్చినప్పుడు ఆ రాయినీ పక్క మార్చినట్టు లెక్క రాద్దాం. అప్పుడు న్యాయం నిలబడతాదా లేదా?"

వెనక బెంచీలోంచి ఎవరో, "నిలబడతాది మేడమ్. కానీ నిజంగా మార్చలేం గదా. వంకర తక్కెడలోనే ఉండాది గదా" అన్నారు.

"మార్చలేం. మార్చినట్టు అనుకుంటాం, అంతే. అట్ల అనుకుంటే లాభమేందో చెప్తా. నిజంగా పక్క మారేది సరుకొక్కటే గాబట్టి, రాయివల్ల వచ్చే తప్పు తిరగబడాల. ఎక్కువ చూపించేది తక్కువ చూపించాల. తిరగబడకుండా ఉన్నది ఉన్నట్టే నిలిచిన తప్పుంటే, అది ఈ రాయిది కాదు, వేరే యాడిదో. తక్కెడ ఇప్పకుండానే ఏ తప్పు రావచ్చో, ఏది రానేరాదో తెలిసిపోతాది."

తర్వాత క్వార్కుల మాట ఎత్తింది. అన్నిటికంటే చిన్న కణాల్లో అవొక రకమని పిల్లలకు ముందే తెలుసు. "వాటికి బరువు లేకపోయుంటే వాటి న్యాయం కూడా చక్కగా నిలబడుండు. బరువే దాన్ని చెడగొట్టేది. అందుకని మేం ఆ బరువును కదిలే రాయనుకుంటాం. క్వార్కులను తిప్పినప్పుడల్లా దాన్నీ తిప్పుతాం. అట్ల లెక్కకోసం కదిలించుకునేదానికే స్పురియాన్ అని పేరు. ఏ మిషన్లోనూ దొరకదు, వెతకద్దండి."

నాకు అర్థమైంది.

ఫస్టియర్ పిల్లలకు నేను ఏటా చెప్పే మొదటి ప్రాక్టికల్ ఫిజికల్ బ్యాలెన్స్. వస్తువును ఎడమ పళ్ళెంలో ఒకసారి, కుడి పళ్ళెంలో ఒకసారి తూచి సగటు తీయండి, బ్యాలెన్సు వంకర పోతుంది అని చెప్తాను. ఎందుకు పోతుందని ఏ పిల్లా అడగలేదు, నేనూ అడగలేదు. ఆ వంకర పక్క మార్చినప్పుడు తిరగబడుతుంది గనక పోతుంది. అంతకాలం నా చేతిలో ఉన్నదాన్నే ఆమె ఎత్తి చూపించింది. అర్థమైన సంతోషం ఒక్క క్షణం, నిజంగా, పిల్లాడికి మిఠాయి దొరికినట్టు కలిగింది. వెంటనే కడుపు మండింది. ఈ మాట నాకెందుకు తట్టలేదు? ఈ తక్కెడ నా బీరువా మీదే ఉందే!

అప్పుడే హచ్చొళ్ళి అమ్మాయి లేచింది. "లెక్కంతా అయిపోయినాంక ఆ రాయినేం చేస్తారు మేడమ్?"

సరిగ్గా అదే సమయంలో పక్కనున్న ప్రొఫెసరు నావైపు వంగారు. ఇంగ్లీషులో మెల్లగా, "ఏం చెప్తోంది? నాకు భాష తెలియడం లేదు" అన్నారు.

ఆ గదిలో ఆమె ఫిజిక్సూ, ఆమె తెలుగూ, ఆయన ఇంగ్లీషూ మూడూ తెలిసినవాణ్ణి నేనొక్కణ్ణే. ప్రిన్సిపాలుది కామర్సు. నేను ఆయన వైపు తిరిగి, "పెద్దగా ఏం లేదు సార్. సంతలో తూకాల కథ ఏదో చెప్తోంది. అదీ తెలుగులో" అన్నాను.

ఆయన పెదవి విరిచి కాగితం మీద ఏదో రాసుకున్నారు. నేను మళ్ళీ ముందుకు తిరిగేసరికి ఆమె తక్కెడను బల్ల మీద పెడుతోంది, పిల్లలు చప్పట్లు కొడుతున్నారు.

ఫారంలో బోధనా మాధ్యమం పాటించారా అని ఒక గడి ఉంటుంది. మా కాలేజీలో మాధ్యమం ఇంగ్లీషు. అందరం, నాతో సహా, రోజూ తెలుగూ కన్నడమూ కలిపే చెప్తాం. లేకపోతే పాఠం నడవదు. ఆ గడిలో నేను లేదు అని రాశాను. ప్రొఫెసరు కూడా అదే రాశారు. ప్రిన్సిపాలు, "ఇద్దరు ఫిజిక్స్ వాళ్ళు చెప్పినాంక నాదేముండాది" అని సంతకం పెట్టారు. ఆమె ఏడాది తెగిపోయింది.

వెళ్ళే రోజు ఆమె ల్యాబు తాళం చెవి నా బల్ల మీద పెట్టింది. "వస్తా సార్" అంది. తారానగర్‌లో ఒక హైస్కూల్లో టీచరుగా చేరింది. క్వార్కుల మనిషి తొమ్మిదో తరగతి వాళ్ళకు ప్లవన సూత్రాలు చెప్తోందని మా ఆవిడ చెప్పి, నా ముఖం చూసి వంటింట్లోకి పోయింది.

నా కుళ్ళు అక్కడితో చల్లారి ఉంటే ఇది రాయాల్సిన పని లేదు. తర్వాతి ఏడాది నేను తక్కెడ పాఠం చెప్పాను. అవును, అదే పాఠం. భాయ్‌ను తక్కెడ తెమ్మంటే తెచ్చి బల్ల మీద పెట్టి, "ఇది మేడమ్ పాఠం గదా సార్" అన్నాడు.

"ఫిజిక్స్ ఎవరి సొత్తూ కాదు భాయ్" అన్నాను. ఎంత గొప్ప మాట, ఎంత నీచమైన సమయంలో!

పాఠం అద్భుతంగా పండింది. నా క్లాసులో మొదటిసారి నవ్వులు వినబడ్డాయి. చివర్లో ఒక పిల్ల ఆ రాయినేం చేస్తారని అడగనే అడిగింది. నేను ఆ జవాబు వినలేదు గదా, ఆలోచించి, "లెక్క అయ్యాక రాయిని తీసేస్తాం. ఊహే గదా" అన్నాను. రెండేళ్ళు అలాగే చెప్పాను. రిటైర్మెంటు సభలో ఇద్దరు విద్యార్థులు మాట్లాడారు, ఇద్దరూ సార్ తక్కెడ పాఠం మరువలేమన్నారు. నాకు శాలువా కప్పారు. భాయ్ వెనక వరసలో నిలబడి నన్నే చూస్తున్నాడు. చప్పట్లు కొట్టలేదు. దండల మధ్య కూర్చుని నేను ఆమె మీద అసూయపడ్డాను. నా సన్మానంలో కూడా మెచ్చుకున్నది ఆమెనే.

మొన్న ఒక సాయంత్రం ఆమె మా ఇంటికి వచ్చింది. వేరే జిల్లాలో డిగ్రీ కాలేజీలో పర్మినెంటు పోస్టు పడింది. పాత డిపార్టుమెంటు హెడ్డు నుంచి బోధన గురించి ఉత్తరం కావాలట. "మీరు కాకుంటే ఇంకెవరు రాస్తారు అంకుల్, ఆ క్లాసు చూసినోళ్ళు మీరే గదా" అంది. ఎత్తిపొడుపేమోనని ముఖంలోకి చూశాను. ఏమీ దొరకలేదు. ఎప్పుడూ దొరకదు.

మర్నాడు పొద్దున రమ్మని పంపించి, ఆ రాత్రి అన్నానికి ముందే కూర్చుని రాశాను. ఆ ఇరవై నిమిషాల పాఠాన్ని మొదటి నుంచి చివరిదాకా ఇంగ్లీషులో పెట్టాను. తక్కెడ, పాసంగ్, పక్క మార్చడం, క్వార్కులు. ఆ రోజు పక్కాయనకు చెప్పాల్సింది అప్పుడు చెప్పాను. దాని కింద నాలుగు వాక్యాలు రాశాను. ఆమె ఏం చెప్తోందని నన్ను కమిటీలో అడిగారని, నేను తెలిసి తెలిసి అబద్ధం చెప్పానని, పాత రిపోర్టు ఆ అబద్ధం మీద రాసిందని, ఈమెకంటే బాగా పాఠం చెప్పినవాళ్ళను నేను చూడలేదని. నాలుగోది రాయడం అన్నిటికంటే కష్టమైంది.

పొద్దున వచ్చి, కాగితాలు చేతికి తీసుకుని నిలబడే చదివింది. మా ఆవిడ కాఫీ పెట్టి లోపలికి పోయింది. ఆమె కళ్ళు ఆ నాలుగు వాక్యాల మీద నుంచి మెల్లగా కిందికి దిగాయి. మళ్ళీ వెనక్కి పోయి మూడో పేజీ తీసింది.

"ఈడ తప్పుండాది అంకుల్."

"ఏందమ్మా?"

"లెక్కయినాంక రాయిని తీసేస్తారని రాసినారు. తీసెయ్యం. కదిలించేది ఆపేస్తాం. అదెంత ఉండాదో అంతే, యాడుండాదో ఆడనే నిలబెడతాం. తక్కెడ వంకర యాడికీ పోలేదు గదా అంకుల్, తీసేస్తే జవాబు తప్పొస్తాది." కాగితం నావైపు తిప్పి వేలు పెట్టి చూపించింది. "ఆ పొద్దు ఆ పాప అడిగింది ఇదే. నేను జవాబు చెప్పేటప్పుడు మీరు పక్కసార్‌తో మాట్లాడతాండారు."

గొంతులో కోపం లేదు. నేను ఆయనకు సరిగ్గా చెప్పలేదని ఆమెకు ఆ రోజునుంచే తెలుసు.

నేను పెన్ను తీసి ఆ వాక్యం కొట్టేసి, ఆమె చెప్పింది చెప్పినట్టు పైన రాశాను. రెండేళ్ళు పిల్లలందరికీ తప్పు చెప్పి శాలువా కప్పించుకున్నవాణ్ణి, కింద సంతకం పెట్టి కాగితాలు ఆమెకిచ్చాను. కాఫీ తాగి, "వస్తా అంకుల్" అని బండి ఎక్కింది.

గేటు దగ్గర నిలబడి ఆమె వీధి మలుపు తిరిగేదాకా చూశాను. పోస్టు ఆమెకే రావాలని మనస్ఫూర్తిగా ప్రార్థించాను, ఇప్పటికీ రోజూ ప్రార్థిస్తున్నాను. అయినా, ఇంతదాకా చదివారు గనక మీకు అబద్ధం చెప్పను, ఆ వేలు నా తప్పు మీద పెట్టినప్పుడు మళ్ళీ కడుపు మండింది. నా కుళ్ళు ఎక్కడికీ పోలేదు. ఎంత ఉందో అంతే ఉంది, ఉన్నచోటే ఉంది.